వనజక్క మార్చిన స్విచ్చు

నిన్న పొద్దున కాఫీ గ్లాసు పట్టుకుని వరండాలో కూర్చున్నానో లేదో, పక్కింటి కారులో తాళంచెవి తిప్పిన చప్పుడు వినిపించింది. టక్. అంతే, ఇంజను ఊసు లేదు. మళ్ళీ టక్. ఆ తర్వాత ఆ చిన్న చప్పుడు కూడా పోయింది. ఎవరి కారైనా మొరాయిస్తే లోకులకు జాలి కలుగుతుంది, లేదా నవ్వొస్తుంది. నాకు మాత్రం కడుపులో సన్నగా మంట మొదలవుతుంది. ఆ మంటకు ఒక పేరుంది: వనజక్క. మా ఆయనకు వదిన, నాకు తోడికోడలు, మా చిత్తూరు మాటలో చెప్పాలంటే యారాలు. ఆమె పోయి చాలా ఏళ్ళయింది. ఆమె మీద నాకున్న అసూయ మాత్రం నిక్షేపంగా ఉంది. బీపీ మాత్ర వేసుకోవడం మరిచిపోయే రోజులున్నాయి గానీ ఆమె గుర్తొచ్చినప్పుడు కుళ్ళుకోవడం మరిచిపోయిన రోజు లేదు.

ఆమెను చూడనివాళ్ళ కోసం చెబుతున్నాను. పొట్టిగా, బొద్దుగా, ముక్కుకు రెండు పక్కలా రాళ్ళ పుడకలతో, నవ్విందంటే వీధి చివరి ఇంటికి వినపడే మనిషి. అణకువ అనే మాట ఆమె పుట్టింట్లో ఎవరూ ఆమె చెవిన వేసినట్టు లేదు. వాళ్ళ నాయనకు పలమనేరు వైపు తిరిగే బస్సులుండేవి. ఆ బస్సుల షెడ్డులో, గ్రీజు డబ్బాల మధ్య పెరిగిందట. లంగా ఓణీల నాడే బస్సు తోలిందని చెప్పుకునేది. అబద్ధమై ఉంటుందని నేను చాలాకాలం ఆశ పెట్టుకున్నాను. తీరా చూస్తే అది నిజమే.

నాది తిరుపతి. డెబ్బయ్యవ దశకంలో మా పెళ్ళి అక్కడే జరిగింది. పెళ్ళయ్యాక మమ్మల్ని చిత్తూరు తీసుకుపోవడానికి మల్లెపూల దండలు కట్టిన అత్తవారి నల్లకారు వచ్చింది. ముత్యాల జడ, బుగ్గన చుక్క, ఒళ్ళంతా నగలు. నేను కారెక్కుతుంటే వీధి వీధంతా నన్నే చూస్తుందనుకున్నాను. వీధి చూసింది స్టీరింగు ముందు కూర్చున్న వనజక్కను. పట్టుచీర కొంగు నడుముకు దోపుకుని, హారను రెండుసార్లు మోగించి మరీ బయలుదేరింది. చంద్రగిరిలో టీకి ఆపితే బండి చుట్టూ జనం మూగారు. "సూడప్పా, ఆడమనిషి తోలతాండాది!" అని ఒకాయన తన కొడుకును భుజాల మీదికెత్తి చూపించాడు. వెనక సీట్లో పెళ్ళికూతురు ఒకతి ఉందని ఆ పిల్లవాడికి కూడా పట్టలేదు. చిత్తూరు చేరాక మా అత్త ఎర్రనీళ్ళ పళ్ళెం పట్టుకొస్తే, ఎదురింటావిడ "ముందు నీ పెద్దకోడలికి తీయమ్మా దిష్టి, దోవంతా జనం కండ్లు ఆమె మీదనే ఉంటాయి" అంది. అందరూ నవ్వారు. అందరికంటే గట్టిగా వనజక్క నవ్వింది. అత్త తిట్టినందుకు కాదు, తోడికోడలు నవ్వినందుకు ఏడ్చిందని ఊరికే అనలేదు పెద్దలు. గడప దాటకముందే నాకు ఆ సామెత అర్థమైంది.

మా మామకు మామిడికాయల మండీ. కారు కొన్న కొత్తలో ఆయన దాన్ని నేరుగా అలిపిరికి తీసుకుపోయి పూజ చేయించి, తాళంచెవిని పాదాల మండపంలో స్వామి పాదాల ముందు పెట్టించారు. అప్పటినుంచి ఆ తాళంచెవి దేవుడి గూట్లోనే ఉండేది. దానికి పసుపుదారం, కుంకుమ బొట్టు. స్నానం చేసి, దండం పెట్టుకుంటే తప్ప ఎవరూ దాన్ని ముట్టుకోకూడదు. ముట్టుకునేది ఒక్క వనజక్కే. మా బావగారికి బండి నడపడం రాదు, మా ఆయనకు భయం. ఇంటి తాళాలగుత్తి అత్త నడుముకు, కారు తాళంచెవి అక్క చేతికి, నా చేతికేమో మజ్జిగ కవ్వం. పొద్దున ఆమె తాళంచెవిని కళ్ళకద్దుకుని బయటికి పోతుంటే నేను కవ్వాన్ని ఎంత విసురుగా తిప్పేదాన్నంటే, వెన్న మాత్రం మా ఇంట్లో తొందరగా పడేది.

ఆ కారుకు రోగం వచ్చింది. తాళం తిప్పితే దీపం వెలిగేది, ఇంజను పలికేది కాదు. మెకానిక్ వచ్చి చూసి, తాళం దూరే స్విచ్చు లోపల అరిగిపోయిందని, సెట్టు మొత్తం మార్చాలని చెప్పాడు. కొత్త స్విచ్చుకు కొత్త తాళంచెవి వస్తుందన్నాడు. ఆ ఒక్క మాటతో మామ కుర్చీలోంచి లేచారు.

"స్వామి పాదాల కాడ పెట్టిన తాళంచెవి అది. దాన్ని పారేసి అంగట్లో దొరికేది పెట్టుకోమంటావా? నువ్వు పోప్పా, పో."

మెకానిక్ పోయాడు. ఆ రోజు నుంచి మేం కారు తోయడం మొదలుపెట్టాం. మా ఆయన ఒక పక్క, నేను ఒక పక్క, వెనక మండీ హమాలీలు. అక్క మాత్రం లోపల దర్జాగా కూర్చుని, కిటికీలోంచి తల బయటపెట్టి, "ఇంగా బిన్నా తొయ్యండి, బిరబిరా! అన్నం తిన్లేదా?" అని కేకలు. ఇంజను అందుకోగానే పొగ మా మొహాన కొట్టి పోయేది. మసి పట్టిన మొహంతో నిలబడి మా ఆయన, "మా వదిన సమయం చూసి గేరెట్ల ఏసిందో చూసినావా?" అనేవాడు. తోసింది నేను. మెచ్చుకోలు వదినకు. ఆ పూట ఆయన సాంబారులో ఉప్పు ఎక్కువైందంటే అది పొరపాటు కాదు.

మామిడి సీజను ముదిరాక మామకు విసుగొచ్చింది. "తోసుకుంటా ఎన్నాళ్ళు తిరగతాం? బండి అమ్మేస్తా. శుక్రవారం పోయినాక బేరానికి వస్తారు" అన్నారు భోజనాల దగ్గర. తలుపు చాటున నిలబడిన నాకు పాయసం తాగినట్టయింది. కారు పోతే ఆమె కూడా నాలాగే వంటింటి మనిషి. ఇద్దరం ఒకే పీట మీద కూర్చుని చింతపండు పిసుకుతాం. అక్క మాత్రం నాలాగా తలుపు చాటున ఆగలేదు. తిన్నగా మామ ఎదురుగా వచ్చి నిలబడింది.

"బండి అమ్మితే తాళంచెవి గూడా ఇయ్యాల గదా మామా?"

మామ చేతిలో ముద్ద ఆగిపోయింది. ఆ సంగతి ఆయనకు తట్టనేలేదు. "ఇయ్యను" అన్నారు.

"తాళం లేని బండి ఎవరు కొంటారు?"

"ఆ సంగతి ఆ పొద్దు సూస్తాం లే" అని ఆయన చేయి కడుక్కున్నారు. మొండితనంలో ఆయన్ని ఎవరూ మించలేరు. మరునాడే అక్క పుట్టింటికి బస్సెక్కింది. రెండు రోజుల్లో తిరిగొచ్చింది. సంచిలో వాళ్ళమ్మ ఇచ్చిన కారాసు, అదే కారప్పూస పొట్లం, దాని కింద పాత పేపర్లో చుట్టిన కొత్త స్విచ్చు.

మధ్యాహ్నం మగవాళ్ళు మండీకి పోయాక, అత్త కునుకు తీస్తుంటే, అక్క నన్ను కారు దగ్గరికి పిలిచింది. స్విచ్చు గొట్టంలో సూది బెజ్జమంత చిన్న రంధ్రం చూపించింది. తాళంచెవి పెట్టి కొంచెం తిప్పి, ఆ రంధ్రంలో సన్నటి తీగ గుచ్చితే, తాళంచెవి దూరే లోపలి ముక్క దానంతట అదే బయటికొస్తుందట. ఆ పాత ముక్కను కొత్త స్విచ్చులో దూరిస్తే సరి. స్విచ్చు కొత్తది, తాళంచెవి స్వామిదే. వాళ్ళ నాయన చెప్పి పంపాడు.

"అయితే మార్చక్కా" అన్నాను ముక్కు విరుస్తూ.

"నా సెయ్యి దూరదు మే. సూడు ఎంత లావో. నీ సేతులు వెదురుపుల్లలు. నువ్వే మార్చాల."

వద్దని లోపలికి పోయి ఉంటే ఆ వారం కాకపోయినా పై వారం బండి పోయేది. ఆ సంగతి నాకు బాగా తెలుసు. కానీ ఆమెకు చేతకానిది నాకు చేతనవుతుందన్న మాట ఆమె నోటి నుంచే విన్నాను. ఆ రుచి ముందు పాయసం ఏపాటిది? చీర కుచ్చిళ్ళు దోపుకుని, కారు లోపల కాళ్ళు పెట్టుకునే చోట వెల్లకిలా పడుకుని, తల స్టీరింగు కిందికి దూర్చాను.

"ముందు బ్యాటరీ తీగ పీకినావా?" అంది అక్క. పీకలేదు. లేచి, బానెట్టు ఎత్తి, పీకి వచ్చాను. "ఏ పనికైనా ముందు ఆ తీగ పీకాల. లేకుంటే నీ గాజులు తగిలి నిప్పు లేస్తాది. గాజులు పైకి తోసుకో." తోసుకున్నాను. స్విచ్చుకున్న తీగలు ఏది ఎక్కడిదో మరిచిపోకుండా ఒకదానికి పసుపుదారం, ఒకదానికి ఎర్రది, ఒకదానికి నల్లది కట్టించింది. నేను మరలు విప్పుతుంటే ఆమె కారు తలుపు దగ్గర మెట్టు మీద కూర్చుని, మామిడికాయ ముక్కలు ఉప్పూకారంలో అద్దుకుని చప్పరిస్తూ పెత్తనం చేసింది. "ఎడమకు. ఎడమకంటే అది కాదు మే, అన్నం తినని సెయ్యి!" నా కళ్ళల్లో దుమ్ము, ముక్కులో కాలిన రబ్బరు వాసన, నోట్లో పుల్లటి నీళ్ళు. తలపిన్ను సాగదీసి ఆ రంధ్రంలో గుచ్చాను. లోపల ఏదో మెత్తగా దిగింది. తాళంచెవితో సహా ఆ ముక్క నా వేళ్ళలోకి వచ్చేసింది. తాళంచెవికున్న పసుపుదారం కూడా చెక్కు చెదరలేదు. అంత సంతోషం నాకు తాళి కట్టినప్పుడు కూడా కలగలేదంటే మా ఆయన ఇప్పటికీ నమ్మడు.

సాయంత్రం మామ వచ్చేసరికి కారు వాకిట్లో గుర్రుమంటోంది. తోసినవాళ్ళు లేరు. ఆయన వంగి తాళంచెవిని చూశారు. అదే పసుపుదారం, అదే బొట్టు. చెప్పులు విడిచి కారుకే దండం పెట్టారు. "వనజా, నువ్వు మొగోళ్ళను మించిన దానివమ్మా. ఇంగ ఈ బండి అమ్మేదే లేదు" అన్నారు. నేను పక్కనే నిలబడి ఉన్నాను, మోచేతులదాకా మసితో. అక్క చెబుతుందని చూశాను. అక్క ముక్కుపుడక సర్దుకుని, "అంతా మా నాయన నేర్పిచ్చిందే మామా" అంది. అంతే. సిగ్గూ ఎగ్గూ లేకుండా మొత్తం మింగేసింది!

రాత్రి అంట్లు కడుగుతూ అడిగేశాను. "నేను మార్చినానని సెప్పొచ్చు గదక్కా?"

"సెప్తే ఏమైతాది?"

"మామకు తెలుస్తాది."

"తెలిస్తే ఒక పూట మెచ్చుకుంటాడు. నువ్వొక పూట మురిసిపోతావు. మళ్ళా పొద్దున్నే ఆ కవ్వం కాడ కూసుంటావు." ఆమె చెంబు బోర్లించి నా వైపు తిరిగింది. "పెండ్లినాటి నుంచి నువ్వు నన్ను సూసే సూపు నాకు తెలీదనుకున్నావా మే? ఆ కుళ్ళు మంచిదే. మజ్జిగకుండ కాడ పెట్టుకుంటే పులిసిపోతాది. రేపు పొద్దున బండి కాడికి ఎత్తుకోని రా."

చేతిలో గిన్నె అక్కడే పడేసి లోపలికి పోయాను. తెల్లవారి లేచి మాత్రం, ఆమెకంటే ముందే స్నానం చేసి, దేవుడి గూట్లో తాళంచెవి తీసుకుని కారు దగ్గర నిలబడ్డాను. మండీ వెనక మైదానంలో ఆమె నేర్పింది, నేను నేర్చుకున్నాను. బాగుందన్న మాట ఆమె నోట ఒక్కసారి కూడా రాలేదు. ఆ మాట కోసం నేను వెనక్కి తోలడం నేర్చుకున్నాను, టైరు మార్చడం నేర్చుకున్నాను, లారీల మధ్య సందులో దూర్చడం నేర్చుకున్నాను. ఆమె మామిడి టెంక చప్పరించినట్టు నా పని చప్పరించేసి, "ఇంగా రాల్యా" అనేది.

కొన్నేళ్ళ తర్వాత అక్కకు మోకాళ్ళు పట్టేశాయి. మామను కొండకు తీసుకుపోయే పని నాకు పడింది. ఘాటు రోడ్డు మొత్తం నేనే తోలాను. ఒక్క మలుపులో కూడా బండి జంకలేదు. అక్క పక్క సీట్లో కూర్చుని, ఉన్నవీ లేనివీ తప్పులు పట్టింది. పైకి చేరాక మామ దిగి, గోపురానికి దండం పెట్టుకుని, నా వైపు తృప్తిగా చూసి, పక్కకు తిరిగి అన్నారు: "వనజా, బాగా నేర్పించినావమ్మా."

అక్క నా మొహం చూసి, వీధి చివరికి వినపడే ఆ నవ్వు కొండమీద నవ్వింది.

ఆమె మంచాన పడినప్పుడు చూడబోయాను. మనిషి సగమైంది. బొద్దు చేతులు నా చేతులకంటే సన్నబడ్డాయి. ఆ చేతులిప్పుడు స్విచ్చు దగ్గరికి బాగా దూరతాయని నాకు తోచింది, ఏడుపొచ్చింది. ఆమె నా వేళ్ళు పట్టుకుని అడిగింది. "ఇంగా కుళ్ళు ఉండాదా మే?"

"ఉండాదక్కా."

"ఉండనీ. అట్లనే ఉండనీ" అంది.

ఇప్పటికీ మా ఇళ్ళల్లో శుభకార్యానికి నలుగురు చేరితే ఆ కథ వస్తుంది. వనజమ్మ స్వామి తాళంచెవిని కాపాడి స్విచ్చు మార్చిందట అని కొత్తకోడళ్ళకు చెబుతారు. నేను వింటూ కూర్చుంటాను. తలపిన్ను నాదని చెప్పబోతాను. ఎవరూ వినరు.

నిన్న మాత్రం కాఫీ గ్లాసు పక్కన పెట్టి గోడ అవతలికి పోయాను. పక్కింటాయన పాత కారు కొనుక్కుని దానితో అవస్థ పడుతున్నాడు. తాళం తిప్పించి చూస్తే దీపం వెలిగింది, ఇంజను పలకలేదు, అచ్చం మా కారుకు వచ్చిన రోగమే. "ముందు బ్యాటరీ తీగ పీకు నాయనా" అన్నాను. ఆయన నన్ను ఎగాదిగా చూసి పీకాడు. కొత్త స్విచ్చు తెమ్మని అంగడికి పంపి, వచ్చేలోగా తీగలకు రంగు దారాలు కట్టి పెట్టాను. ఆ కారులో పని వేరే తీరు, అయినా తీగలు తీగలే. గాజులు పైకి తోసుకుని, ఆయన టార్చి పట్టుకుంటే, ఎండెక్కేలోగా బిగించేశాను. తాళం తిప్పగానే ఇంజను అందుకుంది.

"ఎక్కడ నేర్చుకున్నారమ్మా ఇదంతా?" అన్నాడాయన నోరు తెరిచి.

నేనే నేర్చుకున్నానని చెప్పొచ్చు. కాదనడానికి ఆమె లేదు. నోరు తెరిచాను. "మా వనజక్క నేర్పింది" అన్నాను.

"ఆ రోజుల్లోనే? అబ్బ, ఎంత గట్టి మనిషో!" అన్నాడు, నా మసిచేతుల వైపు ఒక్కసారి కూడా చూడకుండా. ఇంటికొచ్చి చల్లారిన కాఫీ తాగాను. కడుపు మండిపోతూనే ఉంది.