ఉతకకూడని చొక్కా

తడి సిమెంటు వాసన నాకు పడదు. మొన్న జూబ్లీ హిల్స్‌లోని మా పెరట్లో, గొడుగులా విచ్చుకుని గిరగిరా తిరిగే బట్టల స్టాండు బిగించడానికి వచ్చిన మనిషి జానెడు గుంట తీసి, అందులో ఇంత సిమెంటు గుమ్మరించి, గొట్టాన్ని కంటి అంచనాతోనే నిలబెట్టి, గంటలో తడిబట్టలు ఆరేసుకోవచ్చంటూ చేతులు దులుపుకుంటుంటే ఒళ్లు మండిపోయింది. అలాంటి నిర్లక్ష్యం చూస్తే నాకు కోపం కన్నా ముందు రోత పుడుతుంది. ఆ రోత నా తొమ్మిదో ఏట ఫిల్మ్‌నగర్‌లో మొదలైంది.

అప్పుడు మేం రెండు గదుల రేకుల ఇంట్లో ఉండేవాళ్లం. నాన్న సినిమాల్లో కాస్ట్యూమ్స్ చూసేవాడు. కథలో ఒక్క పూటలో ముగిసే కొట్లాటను ఇరవై రోజులు తీసేవారు. అన్ని రోజులూ హీరో చొక్కా మీద అవే మరకలు ఉండాలి కనుక దాన్ని ఉతకకూడదు. దానికి కంటిన్యుటీ అని పేరు. చెమట, పౌడరు, పాకంతో చేసిన ఉత్తుత్తి రక్తం కలిసి పులిసిపోయిన ఆ చొక్కాను నాన్న రోజూ ఇంటికి తెచ్చి ఆరేసేవాడు. దాని మీద చీమలు బారులు కట్టేవి, ఈగలు ముసిరేవి. బోనాల వారంలో పక్కింట్లో బెల్లం అన్నం ఉడికే కమ్మటి వాసనా, మా వాకిట్లో ఈ కంపూ ఒకేసారి ముక్కుకు తగిలేవి. తర్వాత వాళ్లు గిన్నెలో పెట్టి ప్రేమగా ఇచ్చినా ముద్ద దిగేది కాదు.

ఆ వానాకాలం దండెం మీద బట్టలు ఆరడం లేదని, ఏదో పాట సెట్టులో తిరిగి తిరిగి గుడ్డ ఊడిపోయిన పెద్ద ఇనుప గొడుగును నాన్న అడిగి తెచ్చుకున్నాడు. మా వీధి మేస్త్రి మల్లయ్య గడ్డపార వేస్తే జానెడు లోతులోనే బండ తగిలింది. ఆయన విసుక్కోకుండా చోటు మార్చి, మోకాటి లోతు తవ్వి, అడుగున కంకర వేసి దిమ్మిసతో గట్టిగా కొట్టి, గొట్టం నిలబెట్టి, దారానికి తూకం గుండు వేలాడదీసి, గొట్టం నిటారుగా ఉందో లేదో నాలుగు వైపులా చూసుకుని అప్పుడు సిమెంటు పోశాడు.

"మూడు దినాలు దీని మీద ఏం వెయ్యకు అన్నా. జర పట్టనియ్యి," అని చెప్పి వెళ్లాడు.

నాన్న ఒక్క రోజే ఆగాడు. మర్నాటి షూటింగుకు చొక్కా ఆరాలని దాన్నీ, పనిలో పనిగా తడి దుప్పట్లనూ గొడుగుకు వేశాడు. ఈదురుగాలి లేచేసరికి గొడుగు ఒక్క చుట్టు తిరిగి, దిమ్మతో సహా ఒరిగి, మురిక్కాలువలో పడింది. చొక్కా పైకి తీస్తే జేబులోంచి నల్లటి బురద కారింది. ఉతికితే మరకలు పోతాయి, మరకలు పోతే నాన్న పని పోతుంది.

రాత్రంతా పొయ్యి దగ్గర ఆరబెట్టారు. అసలే కంపు కొట్టే చొక్కా కదా, ఎవరికీ తేడా తెలియదని అమ్మ నచ్చజెప్పింది. నాన్న మాత్రం పొద్దున్నే దాన్ని తొడుక్కుని గడప మీద కూర్చున్నాడు. ఇంకొకరి ఒంటికి తగిలించే ముందు తన ఒంటి మీద చూడాలట. రెండు గంటల్లో మెడ మీదా వీపు మీదా ఎర్రటి దద్దుర్లు లేచాయి. చొక్కా విప్పి సంచిలో పెట్టుకుని, షూటింగులో జరిగింది చెప్పేస్తానని లేచాడు. వెళ్తూ నా తల మీద చెయ్యి వేయబోయాడు.

"ఛీ, ముట్టుకోకు నాన్నా. కంపు," అన్నాను.

చెయ్యి వెనక్కి తీసుకున్నాడు. సాయంత్రం ఇంటికొచ్చి, రేపట్నుంచి రావద్దన్నారని అమ్మతో చెప్పాడు.

మొన్న మా పెరట్లో ఆ గొట్టాన్ని పీకించి, బిగించడానికి వచ్చిన మనిషి చేత మళ్లీ లోతుగా తవ్వించాను. ఇప్పుడు సినిమాలకు ఒకే రకం చొక్కాలు పది కుట్టించి, పదింటికీ మరకలు వేయిస్తారట. మా రేకుల ఇల్లున్న చోట అద్దాల ఆఫీసు లేచింది. నాన్న లేడు. ఆ చొక్కా తలుచుకుంటే ఇప్పటికీ నాకు డోకు వస్తుంది, కాదనను. నేనన్న మాట తలుచుకుంటే అంతకన్నా రోత. ఆ రోజు నుంచి నాన్న నన్ను దగ్గరికి తీసుకోవాలంటే ముందు సబ్బుతో చేతులు కడుక్కుని వచ్చేవాడు. నా పెళ్లిలో అక్షింతలు వేసే ముందు కూడా కడుక్కున్నాడు.