అవ్వ కూర్చోని బల్లలు

విమానం ఎక్కిన ఒకే ఒక్కసారి, ముందు సీటు నా మోకాళ్లను నొక్కుతుంటే కోపం రాలేదు. ఒకప్పుడు నేనూ ఆ పాపం చేసినవాణ్ణే.

పోలీసు చర్య ముగిసిన కొత్తలో మహబూబ్‌నగర్‌లో ఒక సేటు పాత లారీని కొని బస్సుగా మార్పించాడు. అందులో బల్లలు కొట్టే పని నాకిచ్చాడు. అప్పటిదాకా నేను చేసినవి నాగళ్లు, తలుపులు. వాటికి మోకాళ్ల గొడవ లేదు.

"ఇంకొక్క వరుస పట్టదా?" అన్నాడు సేటు.

"పడుతది సేటూ. మనుషులే పట్టరు."

ఆయన నవ్వలేదు. వరుస పెంచాను, బల్లల వెడల్పు తగ్గించాను. తాలూకా కచేరీలో కుర్చీ మీద కాళ్లు వేలాడేసి కూర్చుని మరీ కొలతలు తీసుకున్నాను. బరువు పెరగకుండా పలచని చెక్క వేసి, వీపుకు కాస్త వాలు పెట్టాను. కొత్త టేకు వాసన మధ్య నిలబడి నా పనితనం చూసుకుని మురిసిపోయిన ఆ సాయంత్రం ఇప్పటికీ తీపిగానే ఉంది.

నాకో స్వార్థం కూడా ఉంది. రజాకార్ల భయానికి మా అవ్వను తుంగభద్ర దాటించి చుట్టాలింట ఉంచాం. ఊరు నెమ్మదించినా, ఎడ్లబండి కుదుపులకు నడుము నిలవదని ఆమె రానంటోంది. పుట్టిలో నది దాటి ఆలంపూర్ రమ్మని, బస్సు మొదటి రోజే అక్కణ్నుంచి ఇంటికి తీసుకెళ్తానని కబురంపాను.

అవ్వ ఎక్కింది. కూర్చోగానే కాళ్లు రెండూ పైకి లాక్కుని బాసింపట్టు వేసుకుంది. చుట్టూ చూద్దును కదా, బస్సంతా అదే వరస. ఒకరి మోకాలు ఇంకొకరి ఒడిలో. ఇంట్లో నేనూ అట్లాగే కూర్చుంటాను. నాకు కూర్చడమే తెలిసింది, జనం కూర్చోవడం గుర్తురాలేదు.

మొదటి గుంతకే అవ్వ ముందుకు జారింది.

"కాళ్లు కిందికి ఇడువు అవ్వా."

"తిమ్మిరెక్కుతయ్ రా. గిది బల్లనా, దండెమా? ఆపుమను. నేను మల్ల చుట్టాలింటికే పోత."

ఇప్పుడు దిగితే ఇక ఎన్నటికీ రాదు. బండి ఆపించి, పానా తీసి మా ముందు బల్లలోవాళ్లను లేపి దాని నట్లు విప్పడం మొదలుపెట్టాను. డ్రైవరు పక్కన కూర్చున్న సేటు ఉలిక్కిపడ్డాడు.

"ఏం చేస్తున్నవయ్యా?"

"వరుస తగ్గిస్తున్న సేటూ. మనుషులు పెరుగుతరు."

బల్లను పైకప్పు మీదికెక్కించి, ఖాళీ అయిన జాగాలో గొంగడి పరిచాను. అవ్వ బల్ల దిగి దానిమీద సర్దుకుంది. ఆమె పక్కన ఇంకొకరు, ఆ పక్కన మరొకరు. ముగ్గురు ఇరుక్కున్న చోట ఆరుగురు తీరుబడిగా కూర్చున్నారు. వాళ్లు ఖాళీ చేసిన బల్లల మీదికి మూటలు ఎక్కాయి. సేటు తలలు లెక్కపెట్టి, బండి పోనిమ్మన్నాడు.

ఊరొచ్చేదాకా అవ్వ నిద్రపోయింది. ఇంటి ముందు దిగి, మిగిలిన బల్లల మీద వరుసగా కూర్చున్న మూటలను చూసింది.

"మూటలకు మాత్రం మంచి సుకమైంది బిడ్డా," అన్నది.