పట్టు పోగు మీద గీతలు

నా చిన్నప్పుడు మా ఇంట్లో నా కళ్లకు పెద్ద పేరుండేది. చాప మీద పడిపోయిన సూది వెతకాలన్నా, బియ్యంలో మట్టిబెడ్డలు ఏరాలన్నా, చీర అంచులో తెగిన పోగు పట్టుకోవాలన్నా నన్నే పిలిచేవారు. కన్నడ సీమ అంచున ఉన్న చింతామణి ఊరి బజారులో మా తాతయ్యకు బట్టల అంగడి ఉండేది. ఎనిమిదేళ్ల దాన్ని పక్కన కూర్చోబెట్టుకుని, వచ్చిన వాళ్లందరికీ "మా మనవరాలి కండ్లు తప్పవప్పా" అని చెప్పుకునేవాడు. విని విని నేనూ నమ్మేశాను. పొగడ్త తలకెక్కడానికి వయసుతో పనేముంది.

మా అంగడికి పెళ్లి పట్టుచీరలు ఒకే ఒక్క మనిషి నేసి ఇచ్చేవాడు. నేను ఆయన్ని నేత తాత అనేదాన్ని. దగ్గర పల్లెలో ఆయన మగ్గం ఉండేది. నేసిన చీరను తువ్వాలులో మూటకట్టి, భుజాన పెట్టుకుని నడిచి వచ్చేవాడు. మా తాతయ్య ఆ మూటను విప్పేవాడు కాదు. కొనేవాళ్లు వచ్చేదాకా అట్లాగే బీరువాలో పెట్టి తాళం వేసేవాడు. నేత తాత తెచ్చినదాన్ని విప్పి చూడడమంటే ఆయన్ని అనుమానించడమే అని మా తాతయ్య లెక్క. నలభై ఏళ్లు వాళ్లిద్దరి మధ్యా అదే పద్ధతి.

ఆర్టు సిల్కు మా ఊరి బజారులోకి కొత్తగా దిగిన రోజులవి. పట్టులాగే మెరిసేది, పట్టు కాదు. దాంతో అసలు పట్టు కొన్నవాళ్లకు కూడా మనసులో పీకులాట మొదలైంది. ఒక సంత రోజు పొద్దున బట్లహళ్ళి నుంచి ఒక రైతు, ఆయన భార్య మా అంగడి మెట్లెక్కారు. చేతిలో మా దగ్గర కొన్న ఎర్ర పట్టుచీర. వారంలో వాళ్ల కూతురి పెళ్లి. పెళ్లికొడుకు తరఫు ఆడవాళ్లు చీరను వేళ్లతో నలిపి చూసి, ఇది పట్టు కాదని తేల్చేశారట.

"ఆర్టు సిల్కు పెట్టి పిల్లనిస్తాండారా అని మొగం మీదే అన్న్యారప్పా. ఇది నిజమైతే పెండ్లి నిలబడదు" అన్నాడు రైతు.

నేత తాత కూడా ఆ రోజు సంతకు వచ్చి, మా అంగడి అరుగు మీదే కూర్చుని ఉన్నాడు. ఆయన నవ్వి ఊరుకున్నాడు. మా తాతయ్యకు మాత్రం కోపం వచ్చింది. పట్టు తేల్చుకోవడానికి అంగళ్లలో ఒక పాత దారి ఉంది. ఒక పోగు తీసి కాలిస్తే, అసలు పట్టయితే వెంట్రుక కాలిన వాసన వస్తుంది, ఆర్టు సిల్కయితే కాగితం వాసన. తాతయ్య అగ్గిపెట్టె తీశాడో లేదో, రైతు భార్య కెవ్వుమంది. పసుపు పెట్టి దేవుడి ముందర ఉంచిన పెళ్లి చీర. దాని పోగుకు నిప్పు చూపిస్తారా? మా అవ్వ కూడా అంగడి వెనకున్న ఇంట్లోంచి వచ్చి ఆమె పక్కనే నిలబడింది. తాతయ్య అగ్గిపెట్టె పక్కన పెట్టేశాడు. నిజం చెప్పాలంటే, ఈ రోజుకీ ఆ పని నేనూ చేయను.

అప్పుడు తాతయ్యకు మా పక్కింటి మేష్ట్రు గుర్తొచ్చాడు. ఆయన హైస్కూల్లో సైన్సు చెప్పేవాడు. ఆయనది కన్నడం, మాతో తెలుగే మాట్లాడేవాడు. శుభ్రం చేయడానికని స్కూలు మైక్రోస్కోపును ఇంటికి తెచ్చుకుని ఉన్నాడు. దాన్ని జాగ్రత్తగా పట్టుకొచ్చి, ఎండ పడే కిటికీ దగ్గర పెట్టాడు. గోరంత ఉన్నదాన్ని కొండంత చేసి చూపించే గొట్టం అని ఎవరో చెప్పగానే, ఆ పనికి మన చుట్టాలు చాలరా అంది మా అవ్వ.

చీర కొంగు చివర నుంచి ఒక్క పోగు తీసి, గాజు ముక్క మీద పెట్టాడు మేష్ట్రు. అసలు పట్టు పోగు గాజు కడ్డీలాగా నున్నగా కనిపిస్తుందని, ఆర్టు సిల్కు పోగు మీద నిలువుగా గీతలుంటాయని అందరికీ విడమరిచి చెప్పాడు. తర్వాత వంగి చూసి, పట్టే అన్నాడు. రైతుకు నమ్మకం కలగలేదు. పక్కపక్క ఇళ్లవాళ్లు ఒకరి మాట ఒకరు కాదంటారా? తానే వంగి చూశాడు. తెల్లగా ఉండాది, ఇంకేమీ లేదు అన్నాడు. చివరికి నా మీద పడింది ఆయన చూపు.

"ఆ పాపను చూడమనండి. పసిబిడ్డ అబద్ధం చెప్పదు."

నా ఛాతీ ఉబ్బిపోయింది. స్టూలెక్కి, గొట్టానికి కన్ను ఆనించి చూశాను. తెల్లగా, గుండ్రంగా, పున్నమి చంద్రుడు. ఆ తెలుపు మీద నల్లగా, వరసగా గీతలు. ఆ గీతలకు అర్థమేమిటో మేష్ట్రు ఇప్పుడే చెప్పాడు. లేవు అని ఒక్క మాట అంటే తాతయ్య గెలుస్తాడు. అందామనే అనుకున్నాను. కానీ నా కళ్లు తప్పవని ఊరంతా చెప్పింది ఆయనే కదా. ఆయన ముందు ఆ కళ్లతో అబద్ధం చెప్పడమెట్లా?

"గీతలు ఉండాయి తాతయ్యా" అన్నాను.

మా తాతయ్య నా వైపు చూడలేదు, మేష్ట్రు వైపు చూడలేదు. నేరుగా అరుగు వైపు తిరిగాడు.

"నలభై ఏండ్లు మూట విప్పకుండా తీసుకొంటినే. దానికి నువ్వు చేసింది ఇదా?"

నేత తాత లేచి, తువ్వాలు దులిపి భుజాన వేసుకున్నాడు. వెళ్తూ వెళ్తూ నన్నొకసారి చూశాడు. అందులో కోపం లేదు. నాకెంత అయోమయంగా ఉందో ఆయనకీ అంతే ఉన్నట్టుంది. మెట్లు దిగి సంత జనంలో కలిసిపోయాడు.

మేష్ట్రు మళ్లీ చూశాడు. గీతలు లేవే అన్నాడు. నేను మళ్లీ చూశాను. ఉన్నాయి, పైగా కదులుతున్నాయి. ఆ మాట వినగానే రైతు భార్య చీరకు దిష్టి తగిలిందని దండం పెట్టుకుంది. రైతు ఒకసారి మేష్ట్రును, ఒకసారి నన్ను చూస్తూ నిలబడ్డాడు. ఎవరిని నమ్మాలో ఆయనకే కాదు, నాకూ తెలియలేదు.

మేష్ట్రు కాసేపు తల గోక్కున్నాడు. నన్ను లోపలికెళ్లి నీళ్లు తాగి రమ్మన్నాడు. వచ్చాక, ఇంకొక్కసారి చూడు పాపా అన్నాడు. చూశాను. అవే గీతలు. అదే మాట చెప్పాను. అప్పుడాయన తన పిడికిలి విప్పాడు. ఎర్ర పోగు ఆయన అరచేతిలో ఉంది. గొట్టం కింద ఉన్నది ఉత్త గాజు.

"మరి గీతలు యాడివి?" అన్నాడు రైతు. నేను కూడా అదే అడుగుదామనుకున్నాను.

మేష్ట్రు నన్ను కళ్లు మూసుకోమని, నా రెప్పల వెంట్రుకల మీద మెల్లగా వేలు రాశాడు. "ఇవి పాపా నువ్వు చూసింది." కన్ను మరీ ఆనించకుండా వేలెడు వెనక్కి పెట్టి చూడడం నేర్పాడు. ముందు ఖాళీ గాజు చూపించాడు, తర్వాత పోగు పెట్టాడు. అప్పుడు కనిపించింది. అంతవరకూ నేను పోగును చూడనేలేదు. ఎర్ర గాజును కరిగించి సాగదీసినట్టు, ఒక్క గీత లేకుండా మెరుస్తోంది. రైతుకు కూడా అట్లాగే రెండూ చూపించాడు. ఆయన చాలాసేపు తల ఎత్తలేదు. ఎత్తాక, "నున్నగా ఉండాది" అని భార్యతో చెప్పి, తువ్వాలుతో కళ్లు తుడుచుకున్నాడు. మేష్ట్రే స్వయంగా బట్లహళ్ళికి వచ్చి వియ్యాలవాళ్లకు చూపిస్తానన్నాడు. అన్నట్టే వెళ్లాడు. పెళ్లి జరిగింది.

నా తల మాత్రం తిరిగిపోయింది. నేను అబద్ధం చెప్పలేదు. చెప్పి ఉంటే అదే నిజమయ్యేది. నిజం చెప్పాననుకుని ఒక మంచి మనిషిని మెట్లు దింపేశాను. ఈ చిక్కు ఎటు నుంచి విప్పాలో తెలియక మేష్ట్రు పంచె పట్టుకుని, నేను అబద్ధం ఆడలేదు కదా అని ఏడ్చాను.

"లేదు పాపా. కండ్లకు కనపడిందే చెప్పినావు. ముందు ఖాళీ గాజు చూసింటే, నీవి ఏవో, పోగువి ఏవో తెలిసుండేది. నీకు అది చూపించంది నేను. తప్పు నాది" అన్నాడాయన. పిల్లల ముందు తప్పు నాది అన్న పెద్దమనిషిని నేను చూడడం అదే మొదలు.

ఆలోగా మా తాతయ్య చెప్పులు కూడా లేకుండా సంతలోకి పరుగెత్తాడు. "కాలు జారితే తీసుకోవచ్చు గానీ నోరు జారితే తీసుకోలేమప్పా" అని మా అవ్వ ఆయన వెనకనుంచి అననే అంది. కాసేపటికి నేత తాతను వెంటబెట్టుకుని వచ్చాడు. దారిలో ఏమన్నాడో, ఎట్లా బతిమాలాడో నాకు తెలియదు. నేత తాత కాఫీ తాగాడు. నా తల మీద చేయి వేసి, బిడ్డకేం తెలుసు అన్నాడు. అంతా సర్దుకుందని సంతోషపడ్డాను.

నెల తర్వాత ఆయన కొత్త చీర తెచ్చాడు. ఎప్పటిలాగే తాతయ్య మూట అందుకోబోయాడు. నేత తాత ఇవ్వలేదు. తానే ముడి విప్పి, చీర పరిచి, కొంగు నుంచి ఒక పోగు తీసి తాతయ్య అరచేతిలో పెట్టాడు.

"చూసుకోప్పా" అన్నాడు.

ఎత్తిపొడుపు లేదు, కోపం లేదు. మామూలుగానే అన్నాడు. మా తాతయ్య గుప్పిట మూసుకుని తల వంచుకున్నాడు. ఆ రోజు మొదలు, నేత మానేదాకా ఆయన తెచ్చిన ప్రతి చీరకూ అదే వరస. తాతయ్య ఒక్క పోగునూ చూడలేదు. అన్నింటినీ పంచె కొంగున ముడి వేసుకునేవాడు. వాటిలో ఒక ఎర్ర పోగు నా కుంకుమ భరిణెలో ఇప్పటికీ ఉంది.

నాకిప్పుడు కంట్లో శుక్లాలు తీసి అద్దాలు పెట్టారు. కళ్లారా చూసిన సంగతే అయినా, ఎవరి మీదైనా ఒక మాట అనబోయే ముందు కళ్లు మూసుకుని రెప్పలు ఒకసారి తుడుచుకుంటాను. కళ్లు మంటలేమోనని మా కోడలు మందు చుక్కలు తెచ్చిస్తుంది. ఒక్కోసారి అనేశాకే తుడుచుకోవడం గుర్తొస్తుంది. అప్పుడు భరిణె తెరిచి ఆ ఎర్ర పోగును చూస్తాను. చూసుకోప్పా అన్న ఆ గొంతు మళ్లీ వినిపిస్తుంది, అది మాత్రం ఎంత తుడిచినా పోదు.