ఎర్రమ్మత్త ఇంటి రాగం

ఎనిమిదేళ్లుగా ఒక అబద్ధం మోస్తున్నాను. మీరెవరో నాకు తెలియదు కాబట్టే మీకు చెప్పగలుగుతున్నాను.

సినిమాలకీ సీరియళ్లకీ సంగీతం కడతాను. గురువు లేడు. పోర్ట్ బ్లెయిర్ లైబ్రరీలో తెలుగు పుస్తకాలది ఒక్కటే బీరువా. అందులో సంగీతం మీద ఉన్నవన్నీ చదివి స్వరాలు నేర్చుకున్నాను. ఆ గర్వం ఇప్పటికీ పోలేదు.

ఆ ఊళ్లోనే, డిగ్నాబాద్ పేటలో మా పక్కింటి ఎర్రమ్మత్త భర్త సముద్రం మీద చేపల వేటకెళ్లి తిరిగి రాలేదు. మూడో రోజు అతని డోంగీ పడవ ఒక్కటే దొరికింది. మావాళ్లలో చావుకి ఆడవాళ్లు శోకం పెడతారు. మాటలు అప్పటికప్పుడు పుడతాయి గానీ, రాగం ఆ ఇంటి ఆడవాళ్లది, తల్లి నుంచి కూతురికి వస్తుంది. చావు లేనప్పుడు దాన్ని కూనిరాగంగానైనా తీయరు. జెట్టీ మీద అత్త గుండె బాదుకుంటుంటే, చుట్టూ అందరూ ఏడుస్తుంటే, నేను జేబులో ఫోన్ రికార్డింగ్ పెట్టుకుని స్వరాలు పోల్చుకుంటున్నాను. అప్పటికే దొంగనా? వింటున్నానంతేనా? చాలాసార్లు నన్ను నేనే అడిగాను, ప్రతిసారీ నాకు అనుకూలమైన జవాబే చెప్పుకున్నాను.

ఆ తర్వాత హైదరాబాద్‌లో ఒక సీరియల్‌కి టైటిల్ సంగీతం అడిగారు. నా దగ్గర ఏమీ లేదు. అది ఉంది. జానపదానికి కర్త ఉండడని ఎక్కడో చదివాను. ఆ చదువు భలే పనికొచ్చింది. వేగం పెంచి, వయొలిన్లు కప్పి, కర్తగా నా పేరు వేసుకున్నాను.

సీరియల్ ఆడింది. ఇంటికెళితే వీధంతా చుట్టూ చేరింది. అత్త కూడా వచ్చింది.

"టీవీల ఆ పాట నువ్వే కట్నావంట. సహీ బాత్ ఏనా, బేటా?"

"అవునత్తా, నాదే."

"మరి నీకెవులు పోనార్రా?"

అందరూ నవ్వారు. నేనూ నవ్వాను.

"ఎవరూ పోలేదత్తా. పుస్తకాల్లో నేర్చుకున్నా."

"అచ్ఛా. సదువుకున్నోడివి కదా. ఏడవడానికి నీకు మడుసులు పోనక్కర్లేదు."

ఆమె ఒక్కతే ఆ రాగాన్ని పోల్చుకుంది. మళ్లీ నాతో మాట్లాడలేదు.

పోయిన ఏడాది అత్త చనిపోయింది. వెళ్లాను. కూతురు తల్లి తల ఒళ్లో పెట్టుకుని ఆ రాగం అందుకుంది. ఒక పొరుగామె పక్కావిడతో, "అరే, ఇది సీరియల్ గానా కదా" అంది. మెల్లగానే అంది. కూతురు వింది. నోరు మూసుకుంది. చివరిదాకా మళ్లీ తెరవలేదు. శోకం లేకుండానే అత్తని తీసుకెళ్లారు. నేను గోడకి ఆనుకుని నిలబడ్డాను.

ఆ కూతురు గరాచర్మలో ఉంటుంది. మా ఇంటి దగ్గర బస్సెక్కితే ఎంతో దూరం లేదు. ఇంకా వెళ్లలేదు, వెళ్తానని మీకు మాట ఇవ్వలేను. క్షమించమని అడగడం లేదు, అది మీ చేతిలో లేదు. ఇంత రాసేసరికి ఊపిరి కాస్త తేలికగా ఆడుతోంది. ఆ తేలికకైనా నాకు హక్కుందో లేదో తెలియదు.