కాకి తన్నిన లాటిన్ సారు

బీదర్‌లో లాటిన్ చెప్పే మనిషి ఒకడున్నాడంటే గాంధీ గంజ్‌లో కంది బస్తాలు దించే హమాలీలు కూడా నవ్వుతారు. కానీ ఉన్నాడు. పేరు అంబాదాస్. ఊరి అంచున, ఫాదర్లు కావాలనుకునే కుర్రాళ్లను తయారుచేసే చిన్న విద్యాలయం ఒకటుంది. అక్కడ మొదటి ఏడాది పిల్లలకు ఆయన లాటిన్ చెబుతాడు, నేను కన్నడం చెబుతాను. ఎవరి పాఠానికి పిల్లలు ఎక్కువ కునుకు తీస్తారన్నది మా మధ్య ఇంకా తేలలేదు.

ఆయన క్రైస్తవుడు కాడు. సోమవారం పాపనాశం గుడికి వెళ్లి, నుదుట విభూతితోనే వచ్చి క్లాసులో నిలబడతాడు. చిన్నప్పుడు కమలనగర్ దగ్గరి పల్లె నుంచి చదువు కోసం ఫాదర్ల హాస్టల్లో చేరాడట. ఈ పిల్లాడు ఒకసారి విన్నది మరవడని గమనించి ఒక ముసలి ఫాదరు సాయంత్రాలు కూర్చోబెట్టి లాటిన్ నేర్పాడు. మతం మారమని ఆయన అడగలేదు, మారతానని ఈయనా అనలేదు. ఆ ఫాదరు పోయాక చెప్పడానికి మరో మనిషి దొరక్క ఈయన్నే ఆ కుర్చీలో కూర్చోబెట్టారు. అలా కూర్చున్నవాడు జుట్టు నెరిసినా లేవలేదు.

క్లాసుకున్న పాఠ్యపుస్తకాలు ఇంగ్లీషువి, బాగా పాతవి. వాటిలో మొదటి పాఠంలోనే నావికుడు రాణిని ప్రేమిస్తాడు. రెండో పాఠంలో సైన్యం సముద్రం ఒడ్డున గుడారాలు వేస్తుంది. మా పిల్లలేమో ఔరాద్, భాల్కి వైపు పల్లెల వాళ్లు. సముద్రం ఎవడూ చూడలేదు, రాణి సంగతి చెప్పనక్కర్లేదు. ఇంట్లో తెలుగు, బడిలో కన్నడం, సంతలో మరాఠీ మాట్లాడే పిల్లలు, అవన్నీ దాటి ఇంగ్లీషులోకి పోయి, అక్కడి నుంచి లాటిన్‌లోకి దూకాలి. మోకాళ్లు పగలక ఏమవుతాయి?

"ముందు ఇంగ్లీషు తెల్వక ఏడుస్తరు, ఆ తర్వాత లాటిన్ తెల్వక ఏడుస్తరు. ఒక్క ఏడుపన్న తగ్గిద్దాం బసవరాజ్," అన్నాడు నాతో ఒకరోజు. అలా తెలుగులో తనే ఒక వాచకం రాయడం మొదలుపెట్టాడు. వేసవి సెలవులన్నీ దానికే ధారపోశాడు. అచ్చు వేసే స్తోమత ఎవరికుంది? జిరాక్సు తీయించి, స్పైరల్ బైండింగ్ చేయించి, పిల్లలకు తలా ఒకటి ఇచ్చాడు.

పుస్తకం మంచిదే. నాకు లాటిన్ రాదు కాబట్టి ఆ సగం గురించి మాట్లాడను. కానీ ప్రతి పాఠం చివరా లాటిన్‌లోకి మార్చమని ఇచ్చిన తెలుగు వాక్యాలు చదివితే మన ఊళ్లే కళ్ల ముందు కనపడతాయి. సిద్దమ్మ రొట్టెలు చేస్తుంది. హమాలీ బస్తా మోస్తాడు. ఆటో కోట వైపు పోతుంది. రెండు వేల ఏళ్ల నాటి భాషలో ఆటోను ఏమనాలో తేల్చడానికి ఆయన వారం రోజులు అన్నం సరిగా తినలేదని భార్య జగదేవి నాకు ఫిర్యాదు చేసింది.

అన్ని పాఠ్యపుస్తకాల్లోలాగే ఇందులోనూ మొదట వచ్చేది రైతు. లాటిన్‌లో అగ్రికొల. అంబాదాస్‌కు రైతంటే ఒక్కడే, అన్న గాలయ్య. తల్లి చిన్నప్పుడే పోతే ఈయన్ని చంకనేసుకుని పెంచినవాడు. పైగా గాలయ్య పేరు కూడా అగ్రికొల లాగే అకారంతో ముగుస్తుంది కాబట్టి, పిల్లలకు తేలిక. ఇంకేం, పుస్తకం నిండా గాలయ్యే. గాలయ్య పొలం దున్నుతాడు. గాలయ్య బావిలో దిగుతాడు. గాలయ్య తమ్ముడికి జొన్నరొట్టె ఇస్తాడు. ఎంత ప్రేమ ఉంటే మాత్రం, బతికున్న మనిషిని పేరు పెట్టి పుస్తకంలో రాయొచ్చా? ఆ ఆలోచన మాత్రం ఈయనకు రాలేదు.

పద్నాలుగో పాఠంలో వాక్యాలు ఇవి: గాలయ్య కోపిష్టి. గాలయ్య ముసలి ఎద్దును కొడతాడు. ఎద్దు పడిపోతుంది.

జరిగినదే. ఒక ఏడు వానలు వెనకబడి, దుక్కి సాగక, గాలయ్య ఆ ఎద్దును ముల్లుగర్రతో బాదాడు. తర్వాత దాని ఒంటికి పసుపు నూనె రాసి, తన రొట్టె దానికి పెట్టి, తను పస్తు పడుకున్నాడు. అది కూడా అంబాదాస్ రాశాడు. కానీ ముప్పై అయిదో పాఠంలో. మొదలుపెట్టేవాళ్ల పుస్తకంలో ముందు చిన్న చిన్న వాక్యాలే ఉండాలి. కొట్టడం చిన్న వాక్యం. కొట్టినందుకు కుమిలిపోవడం పెద్ద వాక్యం. దానికి పిల్లలకు ఇంకొంత భాష రావాలి.

ఈలోగా ఒక కుర్రాడు సెలవులకు ఇంటికి పోతూ పుస్తకం వెంట తీసుకుపోయాడు. వాడిది గాలయ్య ఊరికి పక్క ఊరు. కిరాణా కొట్టు అరుగు మీద పెద్దవాళ్లు అడిగితే, క్లాసులో అయినంత వరకూ చదివి వినిపించాడు. అప్పటికి అయినవి పద్నాలుగు పాఠాలే, తర్వాతి పేజీలు వాడు తిప్పలేదు. ఆ ఎద్దేమో దెబ్బలు తిన్న మరుసటి చలికాలమే ముసలితనంతో చచ్చి ఉంది. ఊరి నోటికి అంతకన్నా ఏం కావాలి? గోరంతలు కొండంతలై, ఎద్దును కొట్టి చంపిన గాలయ్య కథ ఫాదర్ల పుస్తకంలోకి ఎక్కిందని సంత సంతకూ పాకింది. ఎద్దుల పండుగ నాడు ఎవడో, "గాలయ్య మామా, నీ కొడుకును పట్టమను తాడు, నువ్వు పట్టకు," అన్నాడట.

గాలయ్య ఫోన్ చేశాడు. "ఇంట్ల ముచ్చట తీస్కపోయి పుస్తకంల వెడ్తివి. నా ఇజ్జత్ తీస్తివి. ఇగ నాకు తమ్ముడు లేడు," అని పెట్టేశాడు.

అంబాదాస్ పూర్తి పుస్తకం సంచిలో వేసుకుని ఊరికి వెళ్లాడు, ముప్పై అయిదో పాఠం చదివి వినిపిద్దామని. గాలయ్య అటు తిరిగి కూర్చుని, "నువ్వు ముప్పై అయిదు చదువుతవు. ఊరంత పద్నాలుగుల్నే ఉన్నది," అన్నాడు. అంబాదాస్ గడపలోనే మంచినీళ్లు తాగి వచ్చేశాడు. మరుసటి ఏడు పుస్తకంలో రైతు పేరు తీసేశాడు. తీసేసిన సంగతి చెప్పడానికి ఫోన్ చేస్తే అటు ఎత్తలేదు. ఏళ్లు గడిచాయి. పెళ్లికీ పిలుపు లేదు, పేరంటానికీ పిలుపు లేదు. అంబాదాస్ ఆ మాట ఎత్తేవాడు కాదు, ఎత్తితే ముఖం నల్లబడేది. ఆయనకు పిల్లల్లేరు. ఉన్న ఒక్క నెత్తురు బంధం అన్నే.

నిరుడు జూన్‌లో, వానలు పడిన కొత్తలో, ఆయన క్లాసుకు పోతుంటే కాకి వచ్చి నెత్తి మీద తన్నింది. గోరు గీసుకుని నెత్తురు వచ్చింది. గూడు పెట్టే కాలంలో కాకి ఎవరినైనా తంతుంది, దానికి లాటిన్ సారని తెలియదు. నేను అదే మాట చెప్పాను. జగదేవి చెవిన వేసుకోలేదు.

మా వైపు ఒక ఆచారం ఉంది. కాకి నెత్తి మీద తంతే ప్రాణగండం. అది పోవాలంటే దగ్గరి చుట్టాలకు ఆ మనిషి చనిపోయాడని కబురు పంపాలి. వాళ్లు ఏడవాలి. ఆ ఏడుపుతో గండం కొట్టుకుపోతుంది. అప్పుడు నిజం చెబుతారు. ఏడుపు అయ్యేదాకా ఆ మనిషి వాళ్లకు ఎదురుపడకూడదు. వెనకటి రోజుల్లో ఉత్తరాలతో చేసేవాళ్లు, ఇప్పుడు ఫోన్లతో చేస్తున్నారు.

"బావకు ఫోన్ జేస్త," అంది జగదేవి.

"వద్దు," అన్నాడు అంబాదాస్.

"మీరు ఊకోండ్రి. కాకి తన్నిన నెత్తి పెట్టుకోని తిరుగుతరా?"

"కాకి సంగతి కాదు. సచ్చిపోయిన్నని ఖబర్ పోయినంక గూడ అన్న రాకపోతె ఎట్ల? చెప్పకుంటె, చెప్తె వస్తుండె అనుకోని బతకొచ్చు."

జగదేవికి ఆ మాట అర్థమైంది. కానీ భర్త ప్రాణం ముందు భర్త మాట ఎంత? ఫోన్ చేసింది. గాలయ్య కోడలు భాగ్యజ్యోతి ఎత్తింది.

"మీ చిన్నమామ పోయిండు బిడ్డా."

"ఎప్పుడత్తా?"

జగదేవి ఆ ప్రశ్నకు తయారుగా లేదు. "పొద్దుగాల," అంది. "మామ చేన్ల విత్తనం ఏస్తుండు. పోయి చెప్త," అని భాగ్యజ్యోతి పెట్టేసింది. ఏడుపు వినపడలేదు. తర్వాత ఎన్నిసార్లు చేసినా ఫోన్ కలవలేదు. అబద్ధం చేరింది గానీ నిజం చేర్చే దారి లేకుండా పోయింది.

"విత్తనమేస్తుండట," అన్నాడు అంబాదాస్. ఆ మాటకు అర్థం మాకు తెలుసు. నేలలో పదును ఉన్న రోజు దాటితే మళ్లీ దొరకదు. ఇంట్లో శవం లేచిందన్నా రైతు ఆ రోజు చేను వదలడానికి తటపటాయిస్తాడు. పైగా తమ్ముడే లేడన్న మనిషి. "సచ్చినోడు ఇంట్ల కూసోని ఏం జేస్తడు," అని అంబాదాస్ చాక్‌పీసు తీసుకుని క్లాసుకు పోయాడు.

మా తరగతి గదులు పక్కపక్కనే. ఆ రోజు ఆయన పాఠం సాగలేదు. రోడ్డు మీద బస్సు హారన్ వినపడినప్పుడల్లా చదువుతున్న వాక్యం మధ్యలో ఆగేవాడు. మళ్లీ మొదటి నుంచి చదివేవాడు. చూడలేక నేను నా పిల్లలకు ఏదో రాసుకొమ్మని చెప్పి వరండాలో నిలబడ్డాను.

మధ్యాహ్నం గంట కొట్టబోతుండగా గేటు దగ్గర ఒక ముసలాయన దిగాడు. మోకాళ్ల దాకా పొలం మట్టి. కాళ్లు కడుక్కోకుండానే బస్సెక్కినట్టున్నాడు. చెప్పులు విడిచి, తల రుమాలు తీసి, గేటు బయట నేల మీద కూలబడి శోకం ఎత్తుకున్నాడు.

"ఓ తమ్ముడా... అవ్వ పోతె నా సంకల పెరిగినవ్ గదరా. హాస్టల్ల ఇడిసిననాడు నా ధోతి పట్టుకోని ఇడువకపోతివి గదరా..."

వాచ్‌మన్ సమూయేలు పరుగెత్తాడు. "ఎవరి కోసం పెద్దాయనా?"

"అంబాదాస్."

"అంబాదాస్ సార్ మంచిగున్నడు. గదో, లోపల పాఠం చెప్తుండు."

"తెల్సు. నువ్వు జర జరుగు," అన్నాడు గాలయ్య, మళ్లీ అందుకున్నాడు.

ఆ గొంతు విని అంబాదాస్ బయటికి వచ్చాడు. పరుగెత్తబోతే నేను చెయ్యి పట్టి స్తంభం వెనక్కి లాగాను. ఏడుపు కాకుండా ఎదురుపడకూడదు కదా. ఆచారాన్ని నమ్మని నేనే ఆ పని చేశాను. కాబట్టి తన చావు శోకం తను నిలబడి విన్నాడు, చేతిలో చాక్‌పీసు నలుపుకుంటూ. ఎడ్లబండి మీద కూర్చోబెట్టి జాతరకు తీసుకుపోయిన సంగతి, జ్వరం వస్తే భుజాన వేసుకుని కమలనగర్ దవాఖానకు నడిచిన సంగతి, ఒక్కొక్కటే పేరు పెట్టి ఏడుస్తున్నాడు గాలయ్య. పిల్లలు వరండాలోకి వచ్చి నిలబడ్డారు. పెద్ద ఫాదరు వచ్చి, ఏం చేయాలో తోచక, ఆయనా నిలబడ్డాడు.

ఆచారానికి అంత అక్కర్లేదు. నాలుగు మాటలని లేస్తే చాలు. గాలయ్య లేవలేదు. మాటలు అయిపోయాయి, ఉత్త ఏడుపే మిగిలింది. ఇక నేను చెయ్యి వదిలేశాను.

అంబాదాస్ వెళ్లి ఎదురుగా నిలబడ్డాడు. "అన్నా, ఇగ చాలు. నేనున్న."

"నాకెర్క లేదా? జగదేవి గొంతుల తడి లేదని భాగ్యజ్యోతి చెప్పింది. కాకి సంగతేనని అప్పుడే అనుకున్న."

"మరి విత్తనం ఇడిసిపెట్టి ఎందుకొచ్చినవ్?"

"నేను ఏడ్వకుంటె నీ గండమెట్ల పోతది?" అన్నాడు గాలయ్య. రుమాలుతో ముఖం తుడుచుకున్నాడు, అది మళ్లీ తడిసింది. "గేటు కాడ కూసోని రెండు మాటలని, నీతోని మాట్లాడకుండనే మర్లిపోదామని వచ్చిన. మొదలువెట్టినంక ఆగుతలేదురా. ఇయ్యాల గిది నిజమే అయితె, మనం మాట్లాడుకోకుండనే నువ్వు పోయెటోనివి గద."

చచ్చినవాడు కూడా ఏడవాలని ఆచారంలో ఎక్కడా లేదు. అంబాదాస్ అన్న పక్కన ఆ మట్టిలో కూర్చుని, పిల్లలందరూ చూస్తుండగా, అన్నకన్నా గట్టిగా ఏడ్చాడు.