కరమ్ కోటు వేసుకున్న నటుడు

టెహ్రాన్‌కి దక్షిణాన ఇటుక బట్టీల దగ్గర నేనూ, మష్దీ సఫరూ పక్కపక్క గదుల్లో ఉండేవాళ్లం. తీర్థయాత్ర చేసొచ్చిన పెద్దాయన కాబట్టి అందరం మష్దీ అనేవాళ్లం. ఆయన ఒక్కగానొక్క కొడుకు కరమ్ బట్టీ కప్పు కూలి చనిపోయాడు. వాడి కోటు గోడకున్న మేకుకే ఉండిపోయింది. సఫర్ భార్య ఖావర్ వదిన దాన్ని ఉతకనివ్వలేదు. అందులో మొహం పెట్టుకుని, "ఇంకా వాడి వాసనే," అనేది.

ఆ రోజుల్లో సినిమాలో కూలివాడంటే ఇస్త్రీ చొక్కా, ఒక పాట. కియూమర్స్ అనే నటుడు అలా చెయ్యనన్నాడు. బట్టీ కూలీ వేషం వెయ్యాలంటే ముందు ఇటుకలు మొయ్యాలని మా దగ్గరికొచ్చి ఉన్నాడు. చేతులు బొబ్బలెక్కి రొట్టె తుంచుకోలేకపోయేవాడు.

"నీకు జీతమిచ్చారా నాయనా, శిక్ష వేశారా?" అనేవాడు సఫర్.

"మీకేది వేశారో నాకూ అదే మష్దీ."

షూటింగు ముందు సినిమావాళ్లు కియూమర్స్ వేషానికని సఫర్ గదికే చిరుగుల కోటొకటి తెచ్చారు. ఖావర్ వదిన తిప్పి చూసి నవ్వింది. "ఎలుకలు కూడా ఇంత తిన్నగా కొరకవు."

కియూమర్స్ చూపు మేకు మీదికి పోయింది. అది ఎవరిదో అతనికి తెలియదు. "కోటంటే అదీ," అన్నాడు.

మాలో ఇంటికొచ్చినవాడు ఏదైనా బాగుందంటే "మీదే, తీసుకోండి" అనాలి. అతను వద్దనాలి. మళ్లీ అనాలి, మళ్లీ వద్దనాలి. అక్కడితో సరి. మూడోసారి కూడా అంటే నిజంగా ఇచ్చినట్టే.

సఫర్ అన్నాడు. అతను వద్దన్నాడు. సఫర్ మళ్లీ అన్నాడు. అతను గుండె మీద చెయ్యి పెట్టుకుని వద్దన్నాడు. గది నిండా పట్నంవాళ్లు. అతిథి ముందు తగ్గకూడదని పుట్టినప్పటినుంచీ అలవాటైన సఫర్ నోరు ఆగలేదు.

"నా మీద ఒట్టు, తీసుకో నాయనా."

అతను రెండు చేతులా అందుకుని సఫర్ భుజాన్ని ముద్దుపెట్టుకున్నాడు. ఖావర్ వదిన పోస్తున్న టీ సాసర్లోకి పొర్లిపోయింది.

వాళ్లు వెళ్లాక అడిగింది, "ఎందుకన్నావయ్యా?"

"నోరు అనేసింది."

"ఆ నోటితోనే వెనక్కి అడుగు."

"ఇచ్చింది ఎలా అడగనే?"

సినిమా ఆడింది. తెర మీద ఉన్నది మా దుమ్మే, మా దగ్గే. ఆ తర్వాత నటులు అతన్ని చూసి మాలాంటి బట్టలకోసం వెతికారట. ఖావర్ వదిన మాత్రం హాలుకి రాలేదు.

ఆ కోటు ఎవరిదో నేనే అతనికి చెప్పాను. మర్నాడే వచ్చాడు. కాగితంలో చుట్టిన కోటు ఆమె చేతిలో పెట్టాడు.

"క్షమించమ్మా. చిరుగులు ముట్టనివ్వలేదు. బురద మాత్రం పోయేలా ఉతికించాను."

ఆమె కోటులో మొహం పెట్టుకుంది. చాలాసేపటికి తలెత్తింది.

"శ్రమపడ్డావు నాయనా. నీ చేతులు చల్లగా ఉండాలి. కూర్చో, టీ తాగు."

అతను టీ తాగి, తేలికపడ్డ మనసుతో వెళ్లాడు. సందు మలుపు తిరిగాక సఫర్ మెల్లగా అడిగాడు.

"ఉందా?"

"సబ్బు," అంది ఆమె.

సఫర్ చేయి చాపాడు. ఆమె ఇచ్చింది. ఆయన కూడా కాలర్ దగ్గర, చంకల దగ్గర, జేబుల్లో వాసన చూశాడు. చివరికి కోటు తిరగేసి లోపలి గుడ్డ కూడా వాసన చూస్తూ కూర్చున్నాడు.