మూతల్లేని బ్యాటరీ

అనకాపల్లిలో బ్యాటరీ షాపు మీరా సాహెబ్ చెయ్యి పడితే చచ్చిన బ్యాటరీ లేచి కూర్చుంటుందని చెప్పుకునేవాళ్లం. ఆయన ఛార్జింగు పెట్టిన ట్రాక్టరు ఒకటి, డ్రైవరు టీ తాగి వచ్చేదాకా ఆగలేక తనే నక్కపల్లి వెళ్లిపోయిందని ఊరంతా చాటింది నేనే. ఆయన నవ్వి ఊరుకునేవాడు.

ఏ బ్యాటరీ వచ్చినా ఆయన ముందు మూతలు విప్పి డిస్టిల్డ్ వాటర్ పోసేవాడు. తర్వాతే మిగతా మాటలు.

మొన్న వేసవిలో తలుపులమ్మ తన ఎలక్ట్రిక్ ఆటోలోంచి లిథియం బ్యాటరీ దింపించింది. ఆమె ఇల్లు గడిచేది ఆ ఆటో మీదే.

"సాయిబు మావా, రోలుగుంట ఎల్లేసరికి నీరసపడిపోతంది. షోరూమోళ్లు వారం ఆగమంటన్నారు. నువ్వోపాలి సూడు."

మీరా సాహెబ్ ఆ పెట్టెను అన్ని వైపులా తిప్పాడు. లిథియం బ్యాటరీకి నీళ్లు పొయ్యరు, అందుకే మూతలుండవు. ఆయనకది తెలియదు. తెలియదని చెబుదామంటే చుట్టూ ఆటోవాళ్లు కళ్లప్పగించి చూస్తున్నారు.

"మూతలెట్టడం మరిసిపోయేరు ఎదవలు," అని డ్రిల్లుతో పైన కన్నం పెట్టి, గరాటుతో నీళ్లు పోశాడు.

లోపల బుస్సుమంది. పొగ లేచింది. అందరూ పరుగెత్తి ఇసక పోశారు.

"కంపెనీ సరుకే డొల్ల మావా!" అన్నాడు అప్పలరాజు అనే ఆటో డ్రైవరు. "నీ సెయ్యి పడ్డా బతకలేదంటే సూడు!"

మిగతావాళ్లు అవునన్నారు. మీరా సాహెబ్ కాదనలేకపోయాడు.

మర్నాడు తలుపులమ్మ ఆయన్ని షోరూముకు తీసుకెళ్లింది. "నువ్వేటీ మాటాడకు. తలూపితే సాలు," అంది దారిలో.

కౌంటర్లో ఉన్న ధనరాజ్ కన్నం చూసి, "ఇదెవరు పెట్టేరు?" అన్నాడు.

"దాంతోటే వచ్చింది," అంది తలుపులమ్మ. "కావాలంటే మా మావని అడగండి. ఆయన అబద్ధమాడడు."

ఆ మాటతో మీరా సాహెబ్ తల వాలిపోయింది. "నేనే పెట్టేను బాబూ. నీళ్లు కూడా పోసేను."

ధనరాజ్ నవ్వలేదు. నవ్వినా బాగుండేది. "విప్పినదానికి వారంటీ ఉండదండీ," అన్నాడు మెల్లగా.

బయటికి రాగానే తలుపులమ్మ విరుచుకుపడింది. "తెలీదని నిన్న ఒక్క ముక్కంటే నా బ్యాటరీ బతికేది. ఇయ్యాల నిజం సెప్పి ఎవుల్ని ఉద్ధరించేవు?"

మీరా సాహెబ్ ఆమెను వెంటబెట్టుకుని తన షాపుకి వచ్చాడు. ఆటోవాళ్లు చూస్తుండగా, అమ్మకానికున్న నీళ్లు పోసే పాతరకం బ్యాటరీలు నాలుగు తెచ్చి, డబ్బు అడక్కుండా ఆమె ఆటోకి బిగించాడు. బరువుకి ఆటో వెనక భాగం కిందికి దిగింది.

"తప్పు నీది కాదులే మావా," అన్నాడు అప్పలరాజు. "పెద్దమనసుతో ఇత్తన్నావు గానీ."

"కాదురా!" ఆయన గట్టిగా అన్నాడు. "నాకు తెలీదు. లిథియం గురించి నాకేటీ తెలీదు."

ఒక్కరూ ఆయన మొహంలోకి చూడలేదు. తలుపులమ్మ మాత్రం చూసింది. హ్యాండిల్ తిప్పి బేరానికి వెళ్లిపోయింది.